మస్తానమ్మ తమ్ముడు

పులికాట్ ఒడ్డున, చిట్టమూరు వైపు, నడిదిబ్బ కుప్పం అని ఒక ఊరుంది. చేపలు పట్టి బతికే ఊరు. ఆ ఊరి మనిషి ఒకడు ఢిల్లీ దాకా వెళ్లి పెద్దల సభలో కూర్చుని వచ్చాడని చుట్టుపక్కల కుప్పాల వాళ్లు ఇప్పటికీ గొప్పగా చెప్పుకుంటారు. చెప్పుకోనివ్వండి, అందులో అబద్ధమేమీ లేదు. హరినాథ్ సర్పంచి అయ్యాడు, జడ్పీటీసీ అయ్యాడు, జిల్లా పరిషత్తుకు వైస్ చైర్మన్ అయ్యాడు, చివరికి రాజ్యసభ సభ్యుడయ్యాడు. అయితే అందులో సగానికి పైగా కాలం ఆ మనిషికి తిన్నది ఒంటబట్టలేదు. తోడబుట్టిన అక్క తనతో ఒక్క మాట మాట్లాడితే చాలునని దేవులాడుతూ బతికాడు. సన్మాన పత్రాలు రాసేవాళ్లకు ఇటువంటివి పనికిరావు గనక ఈ సంగతి ఎక్కడా అచ్చు కాలేదు.

ఆ అక్క పేరు మస్తానమ్మ. తండ్రి తుపానులో పడవతో సహా పోయాడు. ఆ దిగులుతో తల్లి మంచం పట్టి మళ్లీ లేవలేదు. అప్పటికి హరినాథ్‌కు పాలపళ్లు కూడా ఊడలేదు. మస్తానమ్మకు అదే ఊళ్లో హజరత్తయ్యతో కొత్తగా పెళ్లయింది. తమ్ముణ్ణి వదిలి కాపురానికి రానని ఆమె భీష్మించుకుని కూర్చుంటే, "వాణ్ణి కూడా ఎత్తుకొని రా మే, మనం తాగే గంజే వాడూ తాగతాడు" అన్నాడట హజరత్తయ్య. పెద్దగా మాట్లాడని మనిషి. మాట్లాడితే మాత్రం దాని మీదే నిలబడే రకం. పిల్లవాడికి గెడ వేసి పడవ నడపడం నేర్పింది ఆయనే. వల విసరడం నేర్పాలని చూశాడు గానీ ఆ విద్య వీడికి అబ్బలేదు. విసిరిన వల విచ్చుకోకుండా ముద్దగా వెళ్లి నీళ్లలో పడేది. నోరు విప్పితే మాత్రం బడి పంతులు కూడా చెవి అటు పెట్టేవాడు.

అందుకే మస్తానమ్మ తమ్ముణ్ణి కావలిలో హాస్టల్లో పెట్టి డిగ్రీ చదివించింది. తను రొయ్యల గంప నెత్తిన పెట్టుకుని నాయుడుపేట బస్సెక్కేది. సందు దొరికినప్పుడల్లా రైలెక్కి, ఎండురొయ్యల పొడి కట్టుకుని కావలి వెళ్లేది. హాస్టలు గేటు ముందే పిల్లవాడికి తినిపించి, తిన్నంతసేపూ ఎదురుగా కూర్చుని చూసేది.

"ఇన్ని లావు పుస్తకాలు చదివి ఏం చేస్తావురా అబయా?"

"మొగ తవ్విస్తానక్కా."

మొగ అంటే సముద్రం నీళ్లు సరస్సులోకి వచ్చే దారి. అది ఏటేటా ఇసుకతో పూడుకుపోతుంది. పూడిందంటే లోపలికి రొయ్య పిల్ల రాదు, ఊళ్లో పొయ్యి వెలగదు. తాతల నాటి నుంచీ ఆ కుప్పాల్లో ఓట్లడగడానికి వచ్చిన ప్రతివాడూ దాన్ని తవ్విస్తానన్నవాడే. మాట ఇచ్చినవాళ్లలో సొంత ఊరివాడంటే మొదట హరినాథే. అందుకని ఆమె నమ్మింది.

చదువయ్యాక హరినాథ్ ఉద్యోగం వేటలో పడకుండా ఊరికి వచ్చేశాడు. అర్జీలు రాశాడు, ఆఫీసుల చుట్టూ తిరిగాడు, తుపాను సాయం ఎగ్గొట్టబోయిన ఉద్యోగిని నలుగురి ముందూ నిలబెట్టి అడిగాడు. ఊరి పెద్దకాపు చిన్నపోలయ్యకు ఈ కుర్రవాడి మీద గురి కుదిరింది. కాపు అంటే అక్కడ కులం పేరు కాదు, కుప్పానికి పెద్ద అని అర్థం. ఆ పెద్ద మాట ఊరికి చట్టం. చిన్నపోలయ్య అనుకున్నాడు గనక హరినాథ్ పోటీ లేకుండా సర్పంచి అయ్యాడు. మస్తానమ్మ ఊరందరికీ చేపల పులుసు వండి పెట్టింది.

కుప్పాల చట్టంలో దురాయి అని ఒక కట్టుబాటుంది. పెద్దకాపు తప్పెట వేయించి దురాయి చాటించాడంటే ఇక ఎదురు లేదు. రొయ్య గుడ్డు పెట్టే రోజుల్లో వల దించరాదని దురాయి. ఒకరి వంతు నీళ్లలో ఇంకొకరు వేట చేయరాదని దురాయి. మీరిన ఇంటికి నీళ్లు పుట్టవు, నిప్పు పుట్టదు, మాట పుట్టదు. సరస్సులో వల దించే వంతు పోతుంది. తప్పు చేసినవాడు పంచాయితీ దిబ్బ మీద, ఊరంతా చూస్తుండగా, ఇసుకలో బోర్లా పడుకుని "తప్పైపోయింది" అన్నాకే దాన్ని ఎత్తేస్తారు. మోటు చట్టమే. కానీ అది లేకపోతే ఆ నీళ్లలో చేప అనేది ఏనాడో అయిపోయి ఉండేది.

అక్కడి అసెంబ్లీ స్థానం ఎస్సీలకు రిజర్వుడు. హరినాథ్‌కు ఎమ్మెల్యే అయ్యే దారి లేదు. కాబట్టి జడ్పీటీసీ మీద కన్నేశాడు. పార్టీ టికెట్టు ఇచ్చింది గానీ కుప్పాల్లో ఓట్లు చీలిపోయేట్టు కనిపించాయి. అప్పుడు అతనికి తోచిన ఉపాయం ఆ ఊళ్లో పుట్టినవాడికి తప్ప మరొకడికి తోచదు. ఓటుకు దురాయి వేయించమని చిన్నపోలయ్యను అడిగాడు.

చిన్నపోలయ్య చుట్ట ఆర్పేసి చాలాసేపు తల గోక్కున్నాడు. "మన పెద్దోళ్లు దీన్ని నీళ్లకు పెట్టినారు అబయా, ఓట్లకు కాదు."

"మన ఊరు ఒక్క మాట మీద ఉండాదని తెలిస్తే మిగతా కుప్పాలోళ్లు వాళ్లే మన ఎనకాల వస్తారు పెద్దకాపూ. ఈ ఒక్కసారికి."

ఆ ఒక్కసారికి అన్న మాట ఎంతమంది కొంప ముంచిందో! తప్పెట మోగింది. ఇంటికొక మగవాడు గంగమ్మ గుడి ముందు అరచేత్తో కర్పూరం ఆర్పి ప్రమాణం చేయాలన్నారు. వరసలో అందరూ చేశారు. హజరత్తయ్య వంతు వచ్చింది. ఆయన చెయ్యి చాపలేదు.

"హరి నా చేతుల్లో పెరిగినోడు. నా ఓటు వాడికి గాక ఎవురికేస్తా? కానీ కర్పూరం ఆర్పి ఎయ్యను. రొయ్య మీద దురాయి పెట్టండి, కట్టుబడతా. నా ఏలి మీద పెట్టబాకండి."

హరినాథ్ అక్కడే నిలబడి ఉన్నాడు. మా బావ సంగతి నేను చూసుకుంటాలే అని నవ్వేసి ఉంటే అంతటితో పోయేది. అతను నవ్వలేదు. అందరూ తన మొహంలోకి చూస్తున్నారని తెలిసి తల దించుకున్నాడు. చిన్నపోలయ్యకు అది చాలింది. హజరత్తయ్య ఇంటికి దురాయి పడింది.

బడికి పోయే కూతురు రోజాను ఇంట్లో వదిలి మస్తానమ్మ నాయుడుపేట పార్టీ ఆఫీసుకు వెళ్లింది. కార్యకర్తలు అక్కా అక్కా అని కుర్చీ వేశారు. ఆమె కూర్చోలేదు.

"ఒరే హరీ, పెద్దకాపుకి ఒక్క మాట చెప్పరా. నువ్వు చెప్తే ఎత్తేస్తాడు."

"పోలింగు కానీక్కా. ఇప్పుడు బావ కోసం ఎత్తించినానంటే, ఇంట్లోవాళ్లనే కట్టుకోలేనోడు ఊళ్లనేం కడతాడని నవ్వతారు."

"మీ బావ గడప మీద కూర్చోని నేల గీకతా ఉండాడు. రోజాతో బళ్లో ఒక్క బిడ్డ మాట్లాడటంలా. పసిబిడ్డరా అది."

"నాలుగు రోజులు ఓపిక పట్టక్కా. నేను ఎత్తించకపోతే ఎవురెత్తిస్తారు?"

తమ్ముడు మాట ఇచ్చాడు కదా అని ఆమె ధైర్యంగానే తిరిగి వెళ్లింది. పోలింగు రోజున హజరత్తయ్య చెప్పినట్టే హరినాథ్‌కే ఓటు వేసి వచ్చాడు. క్యూలో ఆయన ముందువాడు, వెనకవాడు జరిగి దూరంగా నిలబడ్డారు.

హరినాథ్ గెలిచాడు. గెలిచిన వెంటనే వైస్ చైర్మన్ పదవికి పోటీ మొదలైంది. జడ్పీటీసీలు చేజారిపోకుండా పార్టీవాళ్లు అందరినీ బస్సెక్కించి మద్రాసు దాటాక ఎక్కడో తోటల్లో ఉంచారు. దురాయి ఎత్తేయమంటావా అని చిన్నపోలయ్య ఫోన్లో అడిగాడు. కుప్పాలన్నీ తన మాట మీదే నిలబడి ఉన్నాయని చెప్పుకుంటేనే ఆ పదవి దక్కేట్టుంది. "ఇప్పుడే వద్దు పెద్దకాపూ, నేనొచ్చి ఎత్తిస్తా" అన్నాడు హరినాథ్.

వంతు లేని మనిషి సరస్సులో వల దించకూడదు. మొగ దగ్గర, సముద్రం నీళ్లూ సరస్సు నీళ్లూ కొట్టుకునే చోట, ఎవరి వంతూ ఉండదు. ప్రాణభయంతో అటు ఎవరూ వెళ్లరు గనక ఉండదు. ఇంట్లో గింజలు నిండుకున్నాయి. హజరత్తయ్య ఒక తెల్లవారుజామున ఒంటరిగా పడవ తీశాడు. ఆ పనికి ఇద్దరుండాలి, ఒకడు గెడ వేస్తే ఇంకొకడు వల విసరాలి. దురాయి ఉన్న ఇంటి పడవ ఎక్కే రెండో మనిషి ఊళ్లో లేడు.

వేట నుంచి వచ్చేటప్పుడు ఒక పడవవాడు వెనక పడవవాణ్ణి కేకేసి పలకరించుకుంటూ రావడం అక్కడి అలవాటు. ఎవరి గొంతైనా వినపడకపోతే వెంటనే వెనక్కి తిరుగుతారు. ఆ పొద్దు హజరత్తయ్య కోసం ఎవరూ కేక వేయలేదు. ఎండెక్కినా ఆయన రాకపోయేసరికి మస్తానమ్మ ఒడ్డు వెంట పరిగెత్తింది. "మా ఆయన్ని చూసినారా? మా ఆయన యాడన్నా కనపడినాడా?" వలలు ఆరేస్తున్న మగవాళ్లు తలెత్తలేదు. ఆమె ఇంటింటికీ తిరిగింది. ఒక ఇల్లాలు నోట్లో కొంగు కుక్కుకుని ఏడుస్తూనే తలుపు వేసుకుంది. తనతో కలిసి గంప మోసిన మనుషులు, తన చేతి పులుసు తిన్న మనుషులు ఒక్కరు, ఒక్కరంటే ఒక్కరు పలకలేదు. తలుచుకుంటే ఈ కథ చెప్పడం ఇక్కడితో ఆపేయాలనిపిస్తుంది.

ఆమె చివరికి చిన్నపోలయ్య గడప ముందు కూలబడింది. ఆయన లోపలికి వెళ్లి హరినాథ్‌కు ఫోన్ చేశాడు. హరినాథ్ అప్పుడు తోటలో పార్టీ పెద్దల పక్కన కూర్చుని ఉన్నాడు. పేరు చూసి, మళ్లీ అదే గొడవ అనుకుని ఫోన్ కట్ చేశాడు. మళ్లీ మోగింది. మళ్లీ కట్ చేశాడు. అప్పుడు ఆ ముసలాయన తనే వీధిలో పడి, దురాయి లేదు, ఏమీ లేదు, పడవలు తీయండిరా అని అరుచుకుంటూ పరిగెత్తాడు. పొద్దు వాలేవేళకు మొగ దగ్గర హజరత్తయ్య తన వలలోనే చుట్టుకుని దొరికాడు. ఒంట్లో ఇంకా వేడి ఉందని, కాస్త ముందొచ్చి ఉంటే దక్కేవాడని పైకి తీసినవాళ్లు గొణుక్కున్నారు.

హరినాథ్ కారులో వచ్చి శవం మీద పడి ఏడ్చాడు. దొంగ ఏడుపు కాదు, తండ్రి పోయినవాడి ఏడుపే. అక్క కాళ్లు పట్టుకోబోతే ఆమె కాళ్లు లాక్కుని అవతలికి జరిగి కూర్చుంది.

కర్మలయ్యాక చిన్నపోలయ్య పంచాయితీ దిబ్బ మీద ఊరినంతా పిలిచాడు. పెద్దకాపుగా ఉన్నవాడు, మనవలున్నవాడు, ఇసుకలో బోర్లా పడుకుని తప్పైపోయిందని గట్టిగా చెప్పి పెద్దరికం వదులుకున్నాడు. మస్తానమ్మ వచ్చి ఆయన్ని చెయ్యి పట్టి లేపింది. "లెయ్ మామా" అన్నది. ఆ తరువాత ఊళ్లో అందరితోనూ మాట్లాడింది. తలుపు వేసుకున్నవాళ్లతో కూడా మాట్లాడింది. ఒక్క తమ్ముడితో తప్ప.

ఆ రోజు హరినాథ్ కూడా వచ్చి చిన్నపోలయ్య పక్కన పడుకుని ఉండవలసింది. పడుకోవాలనే అనుకున్నాడు. కానీ మర్నాడే నెల్లూరులో వైస్ చైర్మన్ ఎన్నిక. తప్పు ఒప్పుకున్నాడని పేపర్లో పడితే అయిపోయినట్టే అన్నారు పక్కనున్నవాళ్లు. తరువాత చూద్దాంలే అనుకున్నాడు. రాజకీయాల్లో ఆ తరువాత అనేది ఎంత దూరంలో ఉంటుందో మనందరికీ తెలుసు.

వైస్ చైర్మన్ అయ్యాడు. కావలి నుంచి తడ దాకా ఏ కుప్పంలో సభ జరిగినా వేదిక మీద హరినాథ్ ఉండాల్సిందే. ఆ గొంతు అటువంటిది. పైవాళ్లకు తీరం పొడుగునా ఓట్లకు ఒక మొహం కావలసి వచ్చింది, ఈ మొహం బాగుందనుకున్నారు, రాజ్యసభకు పంపారు. జిల్లాలో అడ్డు తొలగించుకోవడానికే పంపారని గిట్టనివాళ్లన్నారు. రెండూ నిజమే కావచ్చు.

ఢిల్లీలో తెలుగులో ప్రమాణం చేశాడు. చలికి తట్టుకోలేక పంచె మానేసి ప్యాంటు వేశాడు. సభలో మాట్లాడే అవకాశం ఎప్పుడో గాని రాదు. వచ్చినప్పుడు లేచి పులికాట్ మొగ గురించి, రొయ్య పిల్ల గురించి, వేటకు పోయి తిరిగిరాని మనుషుల గురించి చెప్పాడు. వేటకు పోయినవాళ్లు అన్న మాట రెండుసార్లు అన్నాడు. ఇంతలో టైమైపోయిందని గంట కొట్టారు. పక్క రాష్ట్రం సభ్యుడొకాయన భుజం తట్టి, నెల్లూరు చేపల పులుసు ఎప్పుడు పెట్టిస్తావని అడిగాడు.

ఆ సాయంత్రం మేనకోడలు రోజాకు ఫోన్ చేశాడు. రోజా ఆ సరికి తడ దగ్గర కంపెనీలో పనికి కుదిరింది. తెల్లారే కంపెనీ బస్సెక్కి పోతుంది. తల్లికి తెలిసే మేనమామతో మాట్లాడుతుంది. తల్లి వద్దనలేదు.

"మీ అమ్మ చూసిందా రోజా, టీవీలో?"

"చూసింది మామా."

"ఏమన్నది?"

"ఏమీ అన్లా. అయిపోయిందాకా చూసి, పొయ్యి కాడికి పోయింది." అని రోజా మళ్లీ అందుకుంది. "ఎప్పుడో ఒకసారి అన్నది మామా. పెద్దకాపు ఇసకలో పడుకున్నాడు, వాడు పడుకోలేదే అని. అంతే. మళ్లీ నీ పేరెత్తలా."

అయితే దారి ఉందన్నమాట. హరినాథ్‌కు ప్రాణం లేచి వచ్చింది. ఈసారి ఊరికి వెళ్లగానే దిబ్బ మీద పడుకుంటాననుకున్నాడు. వెళ్లినప్పుడల్లా చుట్టూ గన్‌మెన్లు, అధికారులు, దండలు. ఎంపీ ఇసుకలో బోర్లా పడుకుంటే పార్టీ పరువేం కావాలి? పదవి దిగాక ఎవరికీ జవాబు చెప్పుకోనక్కర్లేదు కదా అనుకున్నాడు. అలా అనుకుంటూనే పదవీకాలం అంతా గడిపేశాడు. పార్టీ రెండోసారి పంపలేదు. మొగ పూడిక కూడా కాగితాల మీద తప్ప కదలలేదు.

గన్‌మెన్లు పోయారు, కార్లు పోయాయి. హరినాథ్ ఒక మధ్యాహ్నం నడిదిబ్బ కుప్పానికి వచ్చి, కొత్త పెద్దకాపు ముఖేష్‌ను కలిశాడు. ముఖేష్ ముప్పై దాటని కుర్రాడు, హరినాథ్ రికమెండేషన్‌తోనే చదువుకున్నవాడు.

"దిబ్బ మీద ఊరిని పిలిపించు ముఖేష్. నేను తప్పు చెప్పుకోవాల."

ముఖేష్ నవ్వాడు. పరాచికమనుకున్నాడు. "మీరేం తప్పు చేసినారన్నా? రోడ్డు తెచ్చినారు, తుపాను షెల్టర్ తెచ్చినారు. మన కుప్పం పేరు ఢిల్లీలో ఇనిపించినారు. ఊరిని పిలిపిస్తా, సన్మానం చేసుకుంటాం."

హరినాథ్ విడమరిచి చెప్పబోయాడు. ఆ పాత సంగతులు ఇప్పుడెందుకన్నా అని ముఖేష్ మాట తప్పించాడు. ఆ పాత సంగతుల్లో ఊరందరికీ భాగం ఉంది. వాళ్లెవరికీ అవి తవ్వుకోవాలని లేదు.

ఆదివారం పొద్దున దిబ్బ మీద షామియానా లేచింది. మైకు, పూలదండలు, శాలువా. ఆడవాళ్ల వరసలో మస్తానమ్మ కూడా వచ్చి కూర్చుంది. హరినాథ్ ముందుగా చూసింది ఆమెనే. ఆమె జుట్టు పూర్తిగా నెరిసింది. ముఖేష్ శాలువా కప్పి, మాట్లాడండన్నా అని మైకు చేతికిచ్చాడు. హరినాథ్ మైకు కుర్చీలో పెట్టేశాడు. శాలువా తీసి దాని మీద వేశాడు. నాలుగు అడుగులు ముందుకు నడిచి, షామియానా నీడ దాటి, ఎండలో ఇసుక మీద బోర్లా పడుకున్నాడు.

ఒక్క క్షణం ఎవరికీ ఏమీ అర్థం కాలేదు. తరువాత ముఖేష్‌కు తట్టింది. మైకు అందుకున్నాడు. "చూడండి! ఢిల్లీ చూసొచ్చినా పుట్టిన మట్టిని మర్చిపోని మనిషి! ఊరికి సాష్టాంగం చేస్తా ఉండాడు!" ఊరంతా చప్పట్లు కొట్టింది. కుర్రవాళ్లు ఈలలు వేసి ఫోన్లు పైకెత్తారు. "తప్పైపోయింది" అన్నాడు హరినాథ్. చప్పట్లలో అది ఎవరికీ వినపడలేదు. మళ్లీ అన్నాడు, గొంతు చించుకుని అన్నాడు, నోట్లోకి ఇసుక వెళ్లింది. చప్పట్లు ఇంకా పెరిగాయి.

ఆడవాళ్ల వరసలో నుంచి మస్తానమ్మ లేచింది. జనం దారి ఇచ్చారు, చప్పట్లు సద్దుమణిగాయి. ఆమె వచ్చి తమ్ముడి తల దగ్గర నిలబడింది. హరినాథ్‌కు ఆమె పాదాలు కనిపించాయి. అక్క వంగింది. ఆమె ఊపిరి కూడా వినిపిస్తోంది. ఒరే అంటుంది, తిడుతుంది, కొడుతుంది, ఏం చేసినా సరే అనుకుంటూ కళ్లు మూసుకున్నాడు.

"లెయ్యండి సార్" అన్నది మస్తానమ్మ. "పెద్దోళ్లు మీరిట్టా పడుకోబాకండి. గుడ్డలు మాసిపోతాయి."

ఆ గొంతులో కోపం లేదు, ఎత్తిపొడుపు లేదు. తుపాను నష్టం రాసుకోవడానికి వచ్చిన ఆఫీసరుతో మాట్లాడినట్టే మర్యాదగా మాట్లాడి, కొంగు భుజం చుట్టూ కప్పుకుని, తన చోటికి వెళ్లి కూర్చుంది.

హరినాథ్ లేచాడు. ఎవరో ఒంటి మీద ఇసుక దులిపి శాలువా మళ్లీ కప్పారు. అక్క తనతో మాట్లాడింది, ఊరంతా విన్నది. ఇక అడగడానికి అతని దగ్గర ఏమీ మిగల్లేదు.